ఒట్టి ఇంజంక్షన్‌తో స్థలం దక్కదు: ఆక్రమణ దావాలో ఏం అడగాలి?

విజయవాడ, గుంటూరు చుట్టుపక్కల ఖాళీ స్థలం మీద పేచీ వస్తే మొదట వినిపించే మాట ‘ఇంజంక్షన్ వేద్దాం’, అంటే అవతలివాడు స్థలం జోలికి రాకుండా ఆపే కోర్టు ఉత్తర్వు తెద్దాం అని. అది చౌక. కోర్టు ఫీజు తక్కువ, ప్లెయింటు (దావా పత్రం) చిన్నది, కోర్టు ఒప్పుకుంటే కొద్ది రోజుల్లోనే ఆర్డరు చేతికొస్తుంది. చిక్కు ఆ తర్వాత మొదలవుతుంది. అవతలివాడు అప్పటికే స్థలంలో దిగి ఉన్నా, తన పేరున ఇంకో రిజిస్టర్డ్ దస్తావేజు తెచ్చి చూపినా ఆ దావా ఏళ్ల తరబడి నడిచి, ‘వాది హక్కు ప్రకటన (స్థలం తనదేనని కోర్టు ప్రకటించడం) కోరలేదు’ అన్న ఒక్క వాక్యంతో డిస్మిస్ అవుతుంది. కాగితాలు గట్టిగా ఉండి కూడా ఓడిపోయినవారి ఫైళ్లు తిరగేస్తే, తప్పు చాలాసార్లు దావాలో ఏం అడిగారన్న దగ్గరే కనిపిస్తుంది.

ఈ ప్రాంతంలో ఇలాంటి తగాదాలు పెరగడానికి కారణాలు అందరికీ తెలిసినవే. పొలాలను ప్లాట్లుగా విడగొట్టి అమ్మిన వెంచర్లు గొల్లపూడి, నున్న, కంకిపాడు వైపూ, అటు గోరంట్ల, పెదకాకాని, నంబూరు వైపూ లెక్కలేనన్ని. వాటిలో అనుమతి లేని లేఔట్లు తక్కువేం కాదు. కొన్నవాళ్లు హైదరాబాద్‌లోనో, అమెరికాలోనో ఉంటారు. పాతిన రాళ్లు పదేళ్లకు మట్టిలో కలిసిపోతాయి. 2014లో రాజధాని ప్రకటన తర్వాత గజం ధర ఎగబాకేసరికి, అమ్మిన రైతు వారసులు మిగిలిన భూమి అనుకుని, లేదా తెలిసే, అదే సర్వే నంబరులో మళ్లీ దస్తావేజులు రాసిచ్చారు. రిజిస్ట్రేషన్ ఆఫీసులో దస్తావేజు నమోదైనంత మాత్రాన అమ్మినవాడికి హక్కు ఉందని ఎవరూ పూచీ పడరు. అందుకే ఒకే స్థలానికి ఇద్దరి చేతిలోనూ రిజిస్టర్డ్ కాగితం ఉండటం సాధ్యమవుతుంది.

మూడు ప్రశ్నలు విడివిడిగా వేసుకోవాలి

వకీలు దగ్గరకు వెళ్లేముందే తేల్చుకోవలసినవి మూడు. హక్కు ఎవరిది? స్వాధీనం ఈరోజు ఎవరి చేతిలో ఉంది? కాగితంలో రాసిన స్థలం నేల మీద ఉన్న ఈ స్థలమేనా? ఈ మూడింటినీ కలిపేసి ‘నా స్థలం కబ్జా చేశారు’ అని రాస్తే దావా మొదటి రోజే బలహీనపడుతుంది.

దీని మీద సుప్రీంకోర్టు 2008లో అనతుల సుధాకర్ వర్సెస్ పి. బుచ్చిరెడ్డి కేసులో ఇచ్చిన తీర్పు ఇప్పటికీ దారి చూపే తీర్పు. వరంగల్ స్థలం తగాదా అది. తెలుగునాట స్థలం దావాల్లో ఇంతగా ఉదహరించే తీర్పు మరొకటి దొరకడం కష్టం. దాని సారం ఇది: హక్కు మీద వివాదం లేదు, వాది స్వాధీనంలో ఉన్నాడు, అవతలివాడు ఊరికే అడ్డొస్తున్నాడు అంటే ఒట్టి ఇంజంక్షన్ చాలు. హక్కు మీద వివాదం లేకపోయినా స్వాధీనం పోయింది అంటే స్వాధీనం ఇప్పించమని అడిగి, దానికి తోడుగా ఇంజంక్షన్ కోరాలి. వాది స్వాధీనంలోనే ఉన్నాడు కానీ హక్కు మీద నీడ పడింది అంటే హక్కు ప్రకటన, దాంతోపాటు ఇంజంక్షన్ కావాలి. హక్కూ వివాదంలో ఉంది, స్వాధీనమూ పోయింది అంటే ప్రకటన, స్వాధీనం, ఇంజంక్షన్ మూడూ అడగాలి.

‘నీడ’ పడటం అంటే ఏమిటో కూడా చూడాలి. దారినపోయేవాడు ‘ఇది నాది’ అంటే హక్కు మీద నీడ పడినట్టు కాదు. అతడి చేతిలో చూడ్డానికి కాస్త నమ్మదగిన ఆధారం ఏదైనా ఉండాలి: రిజిస్టర్డ్ దస్తావేజు, వీలునామా, రెవెన్యూ రికార్డులో పేరు లాంటిది. అది ఉందని ఈసీలో (రిజిస్ట్రేషన్ ఆఫీసు ఇచ్చే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్‌లో) కనబడుతున్నప్పుడు ఒట్టి ఇంజంక్షన్ వేయడం కోరి ఓటమి తెచ్చుకోవడమే. 1963 స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 34లో దీనికి జంటగా మరో మెలిక ఉంది. స్వాధీనం పోయినవాడు హక్కు ప్రకటన మాత్రమే అడిగి, స్వాధీనం అడగకుండా వదిలేస్తే ఆ ప్రకటన కూడా కోర్టు ఇవ్వదు.

ఖాళీ స్థలానికి ఇంకొక చిక్కు. ఇల్లయితే ఎవరు కాపురం ఉంటున్నారో తెలుస్తుంది. తుమ్మచెట్లు మొలిచిన 200 గజాల ప్లాటు ఎవరి స్వాధీనంలో ఉన్నట్టు? ఇలాంటి చోట స్వాధీనం హక్కును అనుసరిస్తుంది. కాబట్టి ఇంజంక్షన్ దావాలో కూడా హక్కు గురించి ప్రస్తావన తప్పదు. ఆ ప్రస్తావన ప్లెయింటులో సరిగా రాయకపోతే, ఇష్యూ ఫ్రేమ్ కాకపోతే, అంటే తేల్చవలసిన ప్రశ్నగా కోర్టు రాసుకోకపోతే, హక్కు మీద కోర్టు ఏ తీర్పూ చెప్పలేదు.

మరి అందరూ ఒట్టి ఇంజంక్షనే ఎందుకు వేస్తారు? కోర్టు ఫీజు. ఆంధ్రప్రదేశ్ కోర్టు ఫీజుల, దావా విలువల చట్టం 1956 ప్రకారం ఒట్టి ఇంజంక్షన్‌కు వాది కట్టుకున్న విలువ మీద ఫీజు. ప్రకటనతో కూడిన ఇంజంక్షన్‌కు ఆస్తి మార్కెట్ విలువలో సగం మీద ఫీజు. స్వాధీనం కూడా అడిగితే ఇంకా ఎక్కువ వాటా మీద కట్టాలి. గజం 15,000 రూపాయలు పలికే చోట 200 గజాలంటే 30 లక్షలు, దాంట్లో సగం 15 లక్షలు. ఆ విలువను బట్టే జూనియర్ సివిల్ జడ్జి కోర్టా, సీనియర్ సివిల్ జడ్జి కోర్టా, జిల్లా కోర్టా అన్నది కూడా తేలుతుంది. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు నుంచి మార్కెట్ విలువ ధ్రువపత్రం తెచ్చి ప్లెయింటుతో జతపరిస్తే విలువ మీద ఆఫీసు అభ్యంతరాలతో ప్లెయింటు తిరిగి రాదు. ఫీజు మిగుల్చుకోవాలన్న ఆశతో దావా రూపాన్నే మార్చుకోవడం ఏ లెక్కన చూసినా గిట్టుబాటు కాదు.

మధ్యలో తెలివి తెచ్చుకుని ప్రార్థన సవరించుకోవచ్చా అంటే, వచ్చు. సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) ఆర్డర్ 6 రూల్ 17 అందుకే ఉంది. విచారణ మొదలయ్యాక మాత్రం, తగినంత శ్రద్ధ పెట్టినా ముందు ఈ సంగతి ఎత్తలేకపోయామని చూపాలి. దస్తావేజు ఈసీలో ముందునుంచీ కనబడుతూనే ఉంటే ఆ మాట నిలవదు. దావా నడుస్తుండగానే అవతలివాడు లోపలికి దిగితే అది వేరు. అప్పుడు వెంటనే స్వాధీనం ప్రార్థన చేర్చుకోవాలి. ఒట్టి ఇంజంక్షన్ దావాను అలాగే లాగితే తీర్పు నాటికి ‘వాది స్వాధీనంలో లేడు’ అన్న మాటే మిగులుతుంది.

ఆరు నెలల దారి

స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 6 గురించి చాలామందికి తెలియదు, తెలిసినవాళ్లు కూడా గడువు దాటాకే గుర్తుచేసుకుంటారు. చట్టప్రకారం కాకుండా, ఇష్టం లేకుండా స్వాధీనం లాగేసుకుంటే లాగేసుకున్న రోజు నుంచి 6 నెలల్లోపు ఈ దావా వేయాలి. ఇందులో హక్కు ప్రశ్నే రాదు. ముందు ఎవరు స్వాధీనంలో ఉన్నారు, బలవంతంగా తీశారా లేదా, అంతే. దస్తావేజుల్లో లోపం ఉన్నవాడికి, ఒప్పందం మీదే స్థలంలో ఉన్నవాడికి ఇది పెద్ద ఆసరా. తీర్పు మీద అప్పీలు లేదు, రివ్యూ లేదు. హైకోర్టుకు రివిజన్ మాత్రం వెళ్లవచ్చు. ఓడినవాడు తన హక్కు నిరూపించుకుంటూ వేరే దావా వేసుకోవచ్చు. ప్రభుత్వం మీద మాత్రం ఈ సెక్షన్ కింద దావా వేయడానికి వీల్లేదు.

దీనికి వెనకున్న సూత్రం స్థల యజమానులకు రుచించదు గానీ తెలుసుకోవాలి. ఒకడు స్థలంలో నిలదొక్కుకుని ఉంటే, అతడు ఆక్రమణదారుడే అయినా అసలు యజమాని కూడా బలప్రయోగంతో ఖాళీ చేయించకూడదు. 2003లో రామేగౌడ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. రాత్రికి రాత్రి దిగి రేకుల షెడ్డు వేసినవాడికి మాత్రం ఈ రక్షణ లేదు. స్వాధీనం కొంతకాలంగా, బాహాటంగా, యజమానికి తెలిసేలా సాగి ఉండాలి. కాపలాకు పెట్టిన మనిషికీ, చుట్టరికం మీద ఉండనిచ్చిన బంధువుకీ ఎన్నేళ్లు ఉన్నా ఆ ఉండటం సొంత స్వాధీనం కాదని 2012లో మారియా మార్గరీడా కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అద్దెకున్నవాడు మళ్లీ వేరు. నెలవారీ అద్దె అయితే ముందు 15 రోజుల నోటీసుతో అద్దె రద్దు చేసి, తర్వాతే స్వాధీనం దావా వేయాలి. అతణ్ణి ఆక్రమణదారుడని రాస్తే దావా తిరగబడుతుంది. అలాగే అన్నదమ్ముల ఉమ్మడి ఆస్తిలో ఒకడు ఆక్రమించాడంటే కావలసింది ఇంజంక్షన్ కాదు, పంపకం దావా.

కాగితాలు, హద్దులు

సొంత దస్తావేజు ఒక్కటే తీసుకుని కోర్టుకెక్కితే చాలదు. అమ్మినవాడికి ఎలా వచ్చింది, వాడికి అమ్మినవాడికి ఎలా వచ్చింది అన్న లింకు దస్తావేజులు కనీసం 30 ఏళ్ల వెనక్కి కావాలి. 30 ఏళ్లు దాటిన దస్తావేజు సరైన చోటు నుంచి వస్తే, సంతకాలు ఆ మనుషులవేనని కోర్టు భావించవచ్చు. ఈ వెసులుబాటు ఇప్పుడు భారతీయ సాక్ష్య అధినియమం సెక్షన్ 92లో ఉంది. ఆన్‌లైన్‌లో ఈసీ 1983 నుంచే దొరుకుతుంది, అంతకు ముందుది సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో పుస్తకాలు వెతికించి తీయించుకోవాలి. ఈసీ వెతికేటప్పుడు సర్వే నంబరుతో పాటు ప్లాటు నంబరుతోనూ, పాత డోరు నంబరుతోనూ విడివిడిగా వెతకాలి. రెండో దస్తావేజు సర్వే సబ్ డివిజన్ మార్చి రాస్తే ఒక వెతుకులాటలో కనబడదు.

ఎవరి దస్తావేజు ముందుదో సాధారణంగా వాడిదే పైచేయి. ఒకసారి అమ్మేసినవాడికి రెండోసారి అమ్మడానికి ఏమీ మిగలదు. అలాంటి రెండో దస్తావేజులో వాది పార్టీ కాకపోతే దాన్ని రద్దు చేయమని అడగనక్కర్లేదు, అది తనను కట్టిపడేయదని ప్రకటన కోరితే చాలు. తానే సంతకం పెట్టిన దస్తావేజు మోసమని అంటే మాత్రం రద్దు కోరక తప్పదు, దానికి గడువు 3 ఏళ్లు. జీపీఏ (జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ) మీద, అమ్మకపు ఒప్పందం మీద కొన్నవారికి ఇంకో కష్టం: 2011లో సూరజ్ ల్యాంప్ కేసులో సుప్రీంకోర్టు ఆ కాగితాలతో హక్కు బదిలీ కాదని స్పష్టం చేసింది. వాళ్లు వేయవలసింది హక్కు ప్రకటన దావా కాదు. అమ్మినవాడి మీద ఒప్పందం అమలు దావా. పెద్దమనుషుల ముందు తెల్లకాగితం మీద రాసుకున్న పంపకాల పత్రం కూడా ఇలాంటిదే. స్టాంపు లేకపోతే పెనాల్టీ కట్టేదాకా కోర్టు దాన్ని చూడదు. రిజిస్టర్ కాకపోతే పంపకం జరిగిందనడానికి దాన్ని ఆధారంగా తీసుకోదు.

అడంగల్, 1-బి, పట్టాదారు పాసు పుస్తకం, ఇంటి పన్ను రసీదు, ఖాళీ స్థలం పన్ను రసీదు, కరెంటు బిల్లు: ఇవేవీ హక్కునివ్వవు. స్వాధీనానికి మాత్రం మంచి సాక్ష్యం. తగాదా రాకముందు కట్టిన పదేళ్ల ఖాళీ స్థలం పన్ను రసీదులు, తగాదా మొదలయ్యాక ఒకేసారి కట్టిన బకాయి రసీదు కన్నా ఎన్నో రెట్లు విలువైనవి. జడ్జి మొదట చూసేది తేదీ. ప్రభుత్వ ‘మీ భూమి’ వెబ్‌సైట్‌లో పేరు మారిపోయిందని కంగారుపడి తహసీల్దారు, ఆర్డీవో చుట్టూ ఏడాది తిరిగేవాళ్లున్నారు. ఆ ఎంట్రీని సవరించుకోవడం అవసరమే, కానీ హక్కును తేల్చేది సివిల్ కోర్టు. హక్కు తగువులను సివిల్ కోర్టుల నుంచి తప్పించడానికి తెచ్చిన ల్యాండ్ టైట్లింగ్ చట్టం కూడా 2024లో రద్దయిపోయింది.

ఇక షెడ్యూలు, అంటే ప్లెయింటులో స్థలం వివరాలు రాసే భాగం. స్థలం వివరణ సీపీసీ ఆర్డర్ 7 రూల్ 3 కోరినట్టు, సర్వే నంబరూ హద్దులూ పెట్టి గుర్తుపట్టేలా ఉండాలి. చాలామంది దస్తావేజులోని షెడ్యూలునే దించేస్తారు. 1996లో ‘తూర్పు: ఫలానావారి పొలం’ అని ఉంటే ఇప్పుడు అక్కడ అపార్టుమెంటు ఉండొచ్చు. పాత హద్దూ, ఇప్పటి హద్దూ రెండూ రాయాలి. కొలతలు అడుగుల్లో, గజాల్లో రెండింటిలోనూ సరిపోవాలి. 36 అడుగులు, 50 అడుగుల ప్లాటు అంటే 1,800 చదరపు అడుగులు, సరిగ్గా 200 గజాలు. ముందున్న రోడ్డు వెడల్పులో 3 అడుగులు పోతే 33 ఇంటూ 50, అంటే 183 గజాలకు కాస్త పైన. దస్తావేజులో 200 ఉంది కదా అని షెడ్యూలులో 200 రాస్తే, ఆ 17 గజాలు పక్కవాడి స్థలంలోకి చొచ్చుకుపోతాయి. అవతలి వకీలుకు క్రాస్ ఎగ్జామినేషన్‌లో అదొక్కటి దొరికితే చాలు. పొలాల లెక్క వేరు: సెంటు అంటే 48.4 గజాలు, 100 సెంట్లు ఎకరం, సర్వే శాఖ కొలతల పుస్తకమైన ఎఫ్‌ఎంబీలో కొలతలు లింకుల్లో ఉంటాయి, లింకు అంటే 7.92 అంగుళాలు. విస్తీర్ణానికీ హద్దులకూ పొంతన కుదరకపోతే మామూలుగా హద్దులకే కోర్టు విలువనిస్తుంది.

పక్కవాడి ప్రహరీ రెండడుగులు లోపలికి వచ్చిందన్న పేచీలో ‘ప్లాటు మొత్తం’ షెడ్యూలుగా పెట్టడం ఇంకో పొరపాటు. ‘ఎ’ షెడ్యూలు మొత్తం ప్లాటు, ‘బి’ షెడ్యూలు ఆక్రమించిన భాగం అని రెండుగా విడగొట్టి, ప్లాన్ గీయించి ఆక్రమణను రంగుతో చూపాలి. బి షెడ్యూలుకు స్వాధీనం, గోడ తీసేయించడానికి మాండేటరీ ఇంజంక్షన్ అడగాలి. గోడ కడుతున్నన్నాళ్లూ చూస్తూ ఊరుకుని పూర్తయ్యాక వస్తే, కూల్చమనడానికి కోర్టు వెనకాడే ప్రమాదం ఉంది.

దావా వేశాక మొదటి నెల

భూమి ఎక్కడుంటే దావా అక్కడే. యజమాని హైదరాబాద్‌లో ఉన్నా విజయవాడ స్థలానికి విజయవాడ కోర్టులోనే వేయాలి. ఊరి చివరి గ్రామమైతే ఆ గ్రామం ఏ కోర్టు పరిధిలోదో చూసుకోవాలి. గన్నవరంలోనూ మంగళగిరిలోనూ కోర్టులున్నాయి. 2022లో జిల్లాలు విడిపోయాక గన్నవరం కృష్ణా జిల్లాలో, విజయవాడ ఎన్టీఆర్ జిల్లాలో ఉన్నాయి కదా అని గందరగోళపడేవాళ్లు ఎదురవుతుంటారు. రెవెన్యూ జిల్లాను బట్టి కాకుండా కోర్టు పరిధిని బట్టి తేల్చుకోవాలి. ప్రైవేటు మనిషి మీదైతే లీగల్ నోటీసు తప్పనిసరి కాదు. ప్రభుత్వం పార్టీ అయితే సీపీసీ సెక్షన్ 80 కింద 2 నెలల నోటీసు ఇవ్వాలి, లేదా అత్యవసరమని చెప్పి కోర్టు అనుమతి తీసుకోవాలి. కాలువ గట్లు, కొండవాలు పోరంబోకు స్థలాల తగాదాల్లో ఇది పదే పదే మరిచిపోతారు. అనుమానం ఉంటే ముందుగా 22-ఏ జాబితా (రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల జాబితా) చూసుకోవడం మేలు.

దావాతో పాటే తాత్కాలిక ఇంజంక్షన్‌కు ఐ.ఏ. (మధ్యంతర దరఖాస్తు) వేస్తారు. కోర్టు చూసేవి మూడు: పైకి చూస్తే కేసు ఉందా, ఆర్డరు ఇవ్వకపోతే ఎవరికి ఎక్కువ ఇబ్బంది, డబ్బుతో పూడ్చలేని నష్టమా. అవతలివాడిని వినకుండానే ఇచ్చేది ఎక్స్‌పార్టీ ఆర్డరు. అది వచ్చిన ఆనందంలో ఆర్డర్ 39 రూల్ 3 మరిచిపోతే ఆర్డరే ఎగిరిపోతుంది. ఆర్డరు వచ్చిన వెంటనే పిటిషన్, అఫిడవిట్, ప్లెయింటు, దస్తావేజుల కాపీలన్నీ రిజిస్టర్డ్ పోస్టులో పంపి, పంపామని అదే రోజో మర్నాడో కోర్టులో అఫిడవిట్ దాఖలు చేయాలి. ఆ పిటిషన్ 30 రోజుల్లో తేల్చాలని చట్టం చెబుతుంది. చాలాసార్లు తేలదు, అది వేరే సంగతి. ఆక్రమించకుండా ఆపమనడమే కాక, అమ్మకుండా, కట్టకుండా, స్థలం స్వరూపం మార్చకుండా కూడా ఆపమని అడగాలి. దావా నడుస్తోందని నోటిమాటగా చెబితే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రిజిస్ట్రేషన్ ఆగదు. ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 52 ప్రకారం దావా నడుస్తుండగా కొన్నవాడు తీర్పుకు కట్టుబడక తప్పదు. అయినా ఈ.పీ. (తీర్పు అమలు చేయించమని వేసే పిటిషన్) దాకా వెళ్లాక కొత్త ముఖాలతో పోరాడే శ్రమ తప్పించుకోవడం మంచిది.

ప్రతివాది వైపు నుంచి చూస్తే, దావా పడుతుందని వాసన తగిలితే కేవియట్ (తనను వినకుండా ఆర్డరు ఇవ్వొద్దని ముందే కోరే పిటిషన్) వేసుకోవాలి. అది 90 రోజులు పనిచేస్తుంది, ఎక్స్‌పార్టీ ఆర్డరు రాకుండా కాపాడుతుంది.

ఆర్డరు ఉండగానే అవతలివాడు పునాది తవ్వితే ఏం చేయాలి? పోలీసులు ‘ఇది సివిల్’ అంటారు. పోలీసు సాయం కోరుతూ ఒక పిటిషన్, ఆర్డరు ధిక్కరించినందుకు ఆర్డర్ 39 రూల్ 2-ఏ కింద ఇంకొకటి వేయాలి. రెండోదానికి ఆస్తి జప్తు, 3 నెలల దాకా సివిల్ జైలు ఉంటాయి. తవ్వకం ఫొటోలు తేదీతో తీసి, ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి కావలసిన సర్టిఫికెట్‌తో జతపరచాలి. పోలీసు ఫిర్యాదు అనవసరమని కాదు. 2024 జూలై 1 నుంచి అక్రమ ప్రవేశం భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 329 కిందికి వచ్చింది. గొడవ శాంతిభద్రతల దాకా వస్తే ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేట్ భారతీయ నాగరిక సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) సెక్షన్ 164 కింద స్వాధీనం ఎవరిదో తాత్కాలికంగా తేలుస్తారు. తగాదా మొదలైన రోజే ఇచ్చిన ఫిర్యాదు రసీదు సివిల్ దావాలో తేదీకి సాక్ష్యంగా ఉపయోగపడుతుంది. పోలీస్ స్టేషన్‌లో పంచాయితీ పెట్టి స్థలం ఇప్పించుకోవాలన్న ఆశ మాత్రం వదిలేసుకోవాలి.

అడ్వకేట్ కమిషనర్ (స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి కోర్టు నియమించే వకీలు) గురించి కాస్త ఎక్కువే చెప్పుకోవాలి. ఆర్డర్ 26 రూల్ 9 కింద కమిషనర్‌ను వేయించుకునేది స్థలం ఎలా ఉందో, కొలతలు ఏమిటో రికార్డు చేయడానికి. ‘ఎవరి స్వాధీనంలో ఉందో చూసి చెప్పండి’ అని అడిగితే పిటిషన్ కొట్టేస్తారు, అది సాక్ష్యం సేకరించడం కిందికి వస్తుంది. మండల సర్వేయరు సాయంతో కొలిచి, రెండు దస్తావేజుల ప్రకారమూ స్థలం ఎక్కడ పడుతుందో గీసి చూపమని అడగాలి. కొలత ఎక్కడినుంచి మొదలవ్వాలన్నదే అసలు కీలకం. పక్క పొలం గట్టు నుంచి టేపు పెడితే ఆ గట్టు తప్పయితే అంతా తప్పే. ఎఫ్‌ఎంబీలో కనిపించే మూడు ఊళ్ల ముక్కూడలి రాయి, పాత బావి, రోడ్డు మలుపు లాంటి కదలని గుర్తు నుంచి మొదలుపెట్టమని కమిషనర్‌కు ఇచ్చే వర్క్ మెమోలో రాసివ్వాలి. రెండు పక్షాలకూ నోటీసు వెళ్లకుండా చేసిన సర్వే నిలవదు. రిపోర్టు నచ్చకపోతే అభ్యంతరాలు దాఖలు చేసి కమిషనర్‌ను సాక్షిగా పిలిపించాలి. ఊరికే ఇంకో కమిషనర్ కావాలంటే కోర్టు ఒప్పుకోదు. దావా వేయకముందే ఎఫ్ లైన్ దరఖాస్తు (హద్దులు కొలవమని కోరే దరఖాస్తు) పెట్టి ప్రభుత్వ సర్వే చేయించి పెట్టుకున్నవాళ్లకు ఈ దశలో చాలా శ్రమ తగ్గుతుంది.

జవాబు, విచారణ

ప్రతివాది రాతపూర్వక జవాబు 30 రోజుల్లో, అనుమతితో 90 రోజుల్లో వేయాలి. ఆ గడువు దాటితే తలుపు పూర్తిగా మూసుకుపోదు గానీ ఖర్చులు కట్టాల్సి వస్తుంది. జవాబుల్లో తరచూ కనిపించేది ‘పన్నెండేళ్లుగా మా అనుభవంలో ఉంది’ అన్న మాట. ప్రతికూల స్వాధీనం (యజమానికి ఎదురుగా ఏళ్ల తరబడి ఉండి హక్కు పొందడం) అనాలంటే ఏ తేదీ నుంచి, అసలు యజమాని ఎవరని తెలిసి, ఎలా బాహాటంగా ఎదిరించి ఉన్నారో చెప్పాలి. ‘ఈ స్థలం మాదే, కాదంటే 12 ఏళ్లుగా మాదే’ అని రెండూ ఒకేచోట రాసినవాళ్లు సాధారణంగా రెండింటిలోనూ ఓడతారు. 2019లో రవీందర్ కౌర్ కేసు తర్వాత వాది కూడా ఈ వాదన మీద దావా వేయవచ్చు.

హక్కు ఆధారంగా స్వాధీనం కోరడానికి గడువు 12 ఏళ్లు, అవతలివాడి స్వాధీనం ప్రతికూలంగా మారిన రోజు నుంచి లెక్క. ఒట్టి ప్రకటనకు 3 ఏళ్లే. దూరదేశంలో ఉన్న యజమానులు ఈ 12 ఏళ్లను ధైర్యంగా తీసుకుని నిద్రపోతారు. 12 దాటితే దావా హక్కే కాదు, లిమిటేషన్ చట్టం సెక్షన్ 27 ప్రకారం ఆస్తి మీద హక్కే పోతుంది.

సాక్ష్యం దశలో జీపీఏ ఇచ్చి ఊరుకోవడం మరో పెద్ద తప్పు. అమెరికాలో ఉన్న యజమాని తరఫున తమ్ముడో బావమరిదో బోనెక్కి ‘మా అన్న 1998లో కొన్నాడు, అప్పట్నుంచి ఆయన స్వాధీనంలోనే ఉంది’ అంటాడు. యజమానికి మాత్రమే తెలిసిన విషయాల మీద జీపీఏ హోల్డర్ సాక్ష్యం చెల్లదని 2004లో జానకి వాశ్‌దేవ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. యజమాని బోనెక్కకపోతే ఆయనకు వ్యతిరేకంగా భావించవచ్చన్న తీర్పులూ ఉన్నాయి. వీడియో కాన్ఫరెన్స్ ద్వారా సాక్ష్యం చెప్పే వీలు ఉంది, వాడుకోవాలి. ఇక సాక్షులుగా చుట్టాలను తెచ్చేకంటే హద్దు యజమానుల్లో ఒకరిని, వీలైతే అమ్మినవారిని తెస్తే బరువు. క్రాస్‌లో అడిగేవి చాలా మామూలు ప్రశ్నలు: ఉత్తరాన ఎవరున్నారు, రోడ్డు వెడల్పెంత, చివరిసారి స్థలం ఎప్పుడు చూశారు. సొంత స్థలానికి హద్దులు చెప్పలేని వాది చీఫ్ అఫిడవిట్ (తన సాక్ష్యాన్ని రాసిచ్చే అఫిడవిట్) ఎంత బాగా రాసినా నిలవదు.

రెండు మూడడుగుల గోడ తగాదాలైతే లోక్ అదాలత్‌లో రాజీ పడటమే లాభం. కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది, అవార్డు డిక్రీతో సమానం, దానిమీద అప్పీలు ఉండదు. ఒక్క జాగ్రత్త తీసుకోవాలి: రాజీ పత్రానికి కొలతలతో ప్లాన్ జతచేసి ఇద్దరి చేతా సంతకాలు పెట్టించాలి. ‘హద్దులు సరిచేసుకుంటాం’ అన్న వాక్యంతో ముగిసిన రాజీ మళ్లీ కోర్టుకే వస్తుంది.

డిక్రీ చేతికొచ్చాక

డిక్రీతో పని అయిపోయిందనుకోవడం అనుభవం లేనివాళ్లు చేసే పని. ప్రతివాది తనంతట తాను ఖాళీ చేయకపోతే ఈ.పీ. వేయాలి. స్వాధీనం డిక్రీకి ఆర్డర్ 21 రూల్ 35 కింద అమీనా (ఉత్తర్వులు అమలు చేసే కోర్టు ఉద్యోగి) వెళ్లి అప్పగిస్తాడు. తాళం పగలగొట్టాలన్నా, పోలీసులు తోడు కావాలన్నా ముందే పిటిషన్ వేసుకోవాలి, లేకపోతే అమీనా ‘తాళం వేసి ఉంది’ అని రాసుకుని తిరిగొస్తాడు. అప్పుడే ఓ కొత్త మనిషి ప్రత్యక్షమై ‘నేను అద్దెకున్నాను’ అంటాడు. అతడి మీద వేరే దావా అక్కర్లేదు, రూల్ 97 కింద ఆ ఈ.పీ.లోనే తేల్చవచ్చు. ఈ.పీ.లను 6 నెలల్లో ముగించాలని 2021లో రాహుల్ షా కేసులో సుప్రీంకోర్టు కింది కోర్టులకు ఆదేశాలిచ్చింది. వాయిదా కోరే పిటిషన్లను ఎదిరించేటప్పుడు ఆ తీర్పు చేతిలో ఉంచుకోవాలి.

ఆక్రమించుకున్న కాలానికి ఆదాయ నష్టం కూడా ప్లెయింటులోనే అడగాలి. వెనకటి మొత్తం 3 ఏళ్లకు మించి రాదు, దావా వేసినప్పటి నుంచి స్వాధీనం ఇచ్చేదాకా అయ్యేది వేరే విచారణలో తేలుతుంది.

అప్పీలుకు జిల్లా కోర్టుకైతే 30 రోజులు, నేలపాడులోని హైకోర్టుకైతే 90 రోజులు. అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ అమలు ఆగదు, స్టే విడిగా తెచ్చుకోవాలి. ఈ.పీ. గడువుల్లో ఎక్కువమంది పొరబడేది ఒకచోట. స్వాధీనం డిక్రీకి 12 ఏళ్లు, శాశ్వత ఇంజంక్షన్‌కు గడువే లేదు, కానీ గోడ కూల్చమన్న మాండేటరీ ఇంజంక్షన్ డిక్రీకి 3 ఏళ్లే. ఒకే తీర్పులో మూడూ ఉంటే, 12 ఏళ్లుంది కదా అని ఆగినవాడికి స్థలం మీద డిక్రీ ఉంటుంది, దాని మీది గోడను కోర్టు ఖర్చుతో తీయించే దారి మాత్రం మూసుకుపోతుంది. అందుకని ఈ.పీ.ని తీర్పు కాపీ వచ్చిన నెలలోనే వేసి, స్వాధీనం అందిన రోజే అమీనా డెలివరీ రిపోర్టు కాపీ తీసుకుని, కొత్త రాళ్లు పాతి, కంచె వేసి, ఖాళీ స్థలం పన్ను సొంత పేరున కట్టించుకోవాలి.